మా బావ నేలమాళిగ సినిమా

మా బావ జీవితంలో ఒకే ఒక్క సినిమా తీశాడు. దానికి ఐదేళ్లు పట్టింది. ఆ ఐదేళ్లలో ఒక మనిషికి చెవి పోయింది, మా అక్కకు ముందుగది పోయింది, నాకు మా బావ మీద మిగిలిన కాస్త మర్యాదా పోయింది. ఆయన్ని అడిగితే మాత్రం సినిమా కోసం సర్వం పోగొట్టుకున్నది తానేనంటాడు. ఏం పోగొట్టుకున్నాడో నాకు ఇప్పటికీ అంతుబట్టలేదు. కనీసం ఒళ్లయినా తగ్గలేదు.

నేను చెవుల ఆసుపత్రిలో వినికిడి పరీక్షలు చేస్తాను. మా అక్క కళ్లద్దాల దుకాణంలో వెనక గదిలో కూర్చుని అద్దాలు అరగదీసి ఫ్రేములకు బిగిస్తుంది. కళ్లు ఒకరివి, చెవులు ఒకరివి, మధ్యలో ఈ మహానుభావుడు ఒకడు, చూడడూ వినడూ అని మా నాన్న పోయేముందు వరకూ నవ్వేవాడు. మా నాన్నకు అల్లుడంటే మొదటినుంచీ పడేది కాదు. నేనే వెనకేసుకొచ్చేదాన్ని. నాకప్పుడు ఇరవై రెండేళ్లు, కెమెరా భుజాన వేసుకున్న మనిషి ఏదో ఆలోచిస్తున్నాడనుకునే వయసు.

సినిమాలోకి దిగకముందు బావ లిఫ్టులు తయారుచేసే కార్ఖానాలో పన్నెండేళ్లు పనిచేశాడు. అక్కడి పనివాళ్లకు చూపించే జాగ్రత్తల చిత్రాలు తీయడం ఆయన ఉద్యోగం. చేతి తొడుగు యంత్రంలో చిక్కుకుంటే ఏమవుతుంది, సరుకు మోసే బండి వెనక్కి వచ్చేటప్పుడు ఎక్కడ నిలబడకూడదు, ఇలాంటివి. ఒక్కోటి ఆరు నిమిషాలు. ఆ కార్ఖానాలో వెల్డింగు చేసే ఆయన ఒకసారి నా దగ్గరికి చెవి చూపించుకోవడానికి వచ్చి, నేనెవరో తెలిశాక, "మీ బావగారి చిత్రం చూసినప్పటినుంచి వదులు చొక్కా తొడుక్కోలేదమ్మా" అన్నాడు. ఈ సంగతి బావకు చెబితే మొహం మాడ్చుకున్నాడు. ఆ చిత్రాల మాటెత్తితే ఆయనకు చిన్నతనం. ఎవరైనా ఏం చేసేవారని అడిగితే, "ఒక సంస్థలో దృశ్య విభాగం" అని నసిగేవాడు.

ముప్ఫై తొమ్మిదో ఏట రాజీనామా ఇచ్చేశాడు. ఇకమీదట తాను స్వతంత్ర దర్శకుడినని ఇంట్లో ప్రకటించాడు. "స్వతంత్రం అంటే ఎవరి నుంచి?" అని అక్క అడిగింది. ఎగతాళికి కాదు, నిజంగానే తెలియక అడిగింది.  మర్నాడు ఆయన ముందుగదిలోని సోఫాను వరండాలో పడేసి, కిటికీలకు నల్ల గుడ్డ మేకులతో కొట్టి, రెండు కంప్యూటర్లు పెట్టుకున్నాడు. అప్పటినుంచి మా అక్క ఇంటికొచ్చిన వాళ్లను వంటగదిలో కూర్చోబెట్టేది.

రాజీనామా అయిన ఏడాది వరకూ దేనిమీద సినిమా తీయాలో ఆయనకు తెలియలేదు. నదిమీద తీస్తానన్నాడు, నదిలో నీళ్లు లేవు. తర్వాత మా అమ్మ మీద తీస్తానన్నాడు. అమ్మ కెమెరా ముందు పావుగంట కూర్చుని, "బాబూ, నాకు పనుంది" అని లేచి వెళ్లిపోయింది. చివరికి ఒక ఆదివారం మధ్యాహ్నం బండి పంక్చరయి, టైర్ల దుకాణం దాకా తోసుకుంటూ పోయాడు. దుకాణం మూసి ఉంది. గుమ్మం మెట్టుమీద కూర్చుని నీళ్లు తాగబోతే సీసాలో నీళ్లు వాటంతటవే వణుకుతున్నాయట. చెవి ఆనిస్తే నేల హోరుమంటోందట. దుకాణం వెనక్కి వెళ్లి చూస్తే కిందికి మెట్లున్నాయి.

ఆ నేలమాళిగలో ప్రతి ఆదివారం రెండు నుంచి ఆరు దాకా ఒక సంగీత క్లబ్బు నడిచేది. దుకాణం వాళ్ల పాత టైర్లు గోడల చుట్టూ పైకప్పుదాకా పేర్చి ఉండేవి కాబట్టి చప్పుడు బయటికి పెద్దగా పోయేది కాదు. పాత బీరువాల చెక్కలతో చేసిన స్పీకర్లు ఒకదానిమీద ఒకటి మనిషికి రెండింతల ఎత్తు. పాటలు ఉండవు. తాళం వాయించే పాతకాలపు యంత్రాలూ, విప్పి తిరగకట్టిన రేడియోలూ, తామే చేసుకున్న యంత్రాలూ తెచ్చి వాయిస్తారు. నాకు వినబడినంతలో, నీళ్లు లేని మోటారు ఆపకుండా తిరుగుతున్నట్టు ఉండేది. మధ్యలో ఎవరో తలుపు గొళ్లెం కొట్టినట్టు తాళం.

వచ్చేవాళ్లు నలభైమంది దాకా ఉండేవారు. పేర్లు చెప్పుకోకూడదు, ఫోను తీయకూడదు, చప్పట్లు కొట్టకూడదు. వాయించేవాడి వంక చూడకుండా గోడవైపు తిరిగి నిలబడాలి. నచ్చితే పక్కనున్న స్తంభాన్ని అరచేత్తో రెండుసార్లు తట్టాలి. అందరూ నల్లబట్టలే. తమది లోకం ఒప్పుకోని సంగీతమని, తమది అజ్ఞాతవాసమని వాళ్ల నమ్మకం. నిజానికి వాళ్లను వెతికినవాళ్లు ఎవరూ లేరు. పోలీసులకు వాళ్లున్నట్టే తెలియదు. టైర్ల దుకాణం యజమాని అత్తగారికి మాత్రం తెలుసు. ఆదివారం భోజనమయ్యాక కునుకు తీయాలంటే ఆవిడ చెల్లెలింటికి పోయి పడుకునేది. అజ్ఞాతవాసులంతా సోమవారం పొద్దున ఇస్త్రీ చొక్కాలు తొడుక్కుని తొమ్మిదింటికల్లా ఆఫీసుల్లో సంతకాలు పెట్టేవాళ్లే. ఒకాయన మా ఆసుపత్రిలో బిల్లులు కొట్టే కౌంటర్లో ఉంటాడు. నన్ను అక్కడ చూసి గుర్తుపట్టనట్టు గోడవైపు తిరిగాడు. తిరగడం ఎలాగూ అక్కడి నియమమే కనుక ఆయనకు సులువయింది.

మా బావకు మాత్రం కడుపు నిండిపోయింది. "ఐదారేళ్లలో ఇలాంటి చోట్లు ఉండవు. వీళ్లని ఎవరో ఒకరు నమోదు చెయ్యాలి" అని ఊగిపోయాడు. వీళ్లేం అంతరించిపోయే పక్షులా అని నేనన్నాను. నావంటి వాళ్ల కోసం తాను సినిమా తీయడం లేదన్నాడు.

ఆ క్లబ్బును పెట్టినాయన్ని అందరూ ఫ్యూజు అని పిలిచేవారు. మొదటి ఆదివారమే ఆ వీధి మొత్తానికి కరెంటు పోగొట్టాడట, అందుకని ఆ పేరు. యాభై రెండేళ్ల మనిషి, సన్నగా, కాస్త ముందుకు వంగి ఉంటాడు. రెండు తలుపుల వెడల్పున్న చిన్న దుకాణంలో యాంప్లిఫయర్లు బాగుచేస్తాడు. స్పీకర్లన్నీ ఆయన చేసినవే. ఆ నలభైమందిలో వేషం వేయని మనిషి ఆయనొక్కడే. నల్లబట్టలు కూడా వేసుకునేవాడు కాదు. పనికి వేసుకునే గళ్ల చొక్కాతోనే వచ్చి, జేబులో స్క్రూడ్రైవరుతో శబ్దాలు కలిపే మిక్సరు వెనక నిలబడేవాడు.

బావ ఆరు వారాలు కెమెరా లేకుండా వెళ్లాడు. దీన్ని తర్వాత పెద్ద తపస్సులా చెప్పుకునేవాడు. ఏడో వారం ఫ్యూజు ఒప్పుకున్నాడు.

"జరిగేది తీసుకోండి. మీకోసమని మాత్రం నేనేదీ చెయ్యను. ఇలా నిలబడు, మళ్లీ ఓసారి చెయ్యి, అవన్నీ నాకు రావు."

"నాకు కావాల్సిందీ అదేనండీ," అన్నాడు బావ.

ఆ మాటను గోడమీద అంటించుకున్నాడు కూడా. జోక్యం చేసుకోరాదు, అని లావు అక్షరాలతో.

నిజం చెప్పాలి. మొదటి రెండేళ్లు ఆయన బాగానే తీశాడు. కెమెరా పట్టుకుంటే చెయ్యి వణకదు, గంటలు గంటలు ఒకేచోట కూర్చోగలడు. సోమవారాలు ఫ్యూజు దుకాణానికి పోయి, ఆయన తీగలు అతుకుతుంటే పక్కన స్టూలుమీద కూర్చునేవాడు. ఫ్యూజుకు భార్య పోయి తొమ్మిదేళ్లయింది, పిల్లలు లేరు. దుకాణానికొచ్చేవాళ్లు ఎప్పటికి అవుతుందని తప్ప ఏమీ అడగరు. అలాంటి మనిషి ఎదురుగా ఒకడు కూర్చుని, "ఈ బీరువా చెక్క ఎక్కడిది? ఈ చెక్కకూ ఆ చెక్కకూ మోతలో తేడా ఏంటి?" అని శ్రద్ధగా అడిగితే ఏమవుతుంది? మా బావంటే ఆయనకు ఇష్టమేర్పడింది. మా అక్కకు పాత రేడియో ఒకటి బాగుచేసి పంపించాడు. బావ దాన్ని కూడా తీశాడు, అక్క అందుకుంటుండగా. తలుపు దగ్గర వెలుతురు బాగోలేదని అక్కను రెండుసార్లు అందుకోమన్నాడు.

మూడో ఏడాది ఒక ఆదివారం నేను వెళ్లాను. అక్కే పంపింది. "అసలేం జరుగుతోందో ఓసారి చూసిరావే. నాకు చెప్పేవి నాకర్థం కావట్లేదు" అంది. చెవులకు ప్లగ్గులు పెట్టుకుని, ఆసుపత్రిలోని శబ్దం కొలిచే మీటరు సంచిలో వేసుకుని పోయాను. స్పీకర్లకు నాలుగడుగుల దూరంలో నూటపద్నాలుగు డెసిబెల్స్ చూపించింది. కార్ఖానాల్లో దానికంటే తక్కువకే చెవులకు కప్పులు తగిలిస్తారు. ఇక్కడ మందుల షాపులో పనిచేసే ఒకమ్మాయి తప్ప ఎవరూ దూది కూడా పెట్టుకోలేదు. చెవులు నొప్పి పుడితేనే నిజంగా విన్నట్టని వాళ్ల సిద్ధాంతమట. ఈ సిద్ధాంతం కనిపెట్టినవాడు వినికిడి పరీక్ష చేసే నా గాజుగదిలోకి వచ్చిన రోజున వాడి మొహం చూడాలని ఉంది.

విరామంలో ఫ్యూజు నాతో మాట్లాడాడు. నేను మాట్లాడుతున్నంతసేపూ ఆయన నా కళ్లను చూడలేదు, పెదవులను చూశాడు. నేను కావాలని నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని, "టీ తాగుతారా?" అన్నాను. ఆయన నవ్వి, "అవునమ్మా, చాలా ఏళ్లయింది" అన్నాడు. రోజుకు పదిమందిలో చూసే సంగతే. 

మెట్లెక్కి బయటికి రాగానే బావను పట్టుకున్నాను.

"ఆయనకు వినబడటం లేదు బావా."

"తెలుసు."

"తెలుసా?"

"ఎనిమిది నెలలుగా చూస్తున్నాను. వారం వారం మిక్సరుమీద సన్నటి శబ్దాలు పెంచే గుండీ కొంచెం కొంచెం పైకి తిప్పుతున్నాడు. పుస్తకంలో రాసుకున్నాను."

"ఆయనకి చెప్పావా?"

బావ నన్ను జాలిగా చూశాడు. ఆ చూపు నాకు బాగా తెలుసు, అమ్మ కెమెరా ముందునుంచి లేచి వెళ్లినప్పుడు కూడా అలాగే చూశాడు. "అది ఆయన తెలుసుకోవాల్సిన విషయం. నేను చెప్తే సినిమా నాదవుతుంది, ఆయనది కాదు. నీకు అర్థం కాదులే."

అర్థమయింది. ఎనిమిది నెలలంటే ముప్ఫై అయిదు ఆదివారాలు. అన్నింటిలోనూ ఈయన ప్లగ్గులమీద హెడ్‌ఫోన్లు తగిలించుకుని, తన చెవులు భద్రంగా దాచుకుని, ఎదుటివాడి చెవులు పోతుంటే గుండీ ఎన్ని గీతలు తిరిగిందో లెక్క రాసుకున్నాడు.

ఎల్లుండికల్లా ఆయన్ని ఆసుపత్రికి తీసుకురాకపోతే నేనే దుకాణానికి పోయి చెబుతానన్నాను. తీసుకొచ్చాడు. కెమెరా కూడా తెచ్చాడు.

ఫ్యూజు గాజుగదిలో బుద్ధిగా కూర్చుని, చప్పుడు వినబడినప్పుడల్లా మీట నొక్కాడు. సన్నటి శబ్దాలు వచ్చేసరికి చెయ్యి కదలలేదు. నేను పెంచుతూ పోయాను. ఆయన నా వంక చూసి, ఇంకా మొదలుపెట్టలేదా అన్నట్టు కనుబొమలెగరేశాడు. అప్పటికి యంత్రం చిట్టచివరి మెట్టుమీద ఉంది.

గ్రాఫు ముందు పెట్టి, ఎదురుగా కూర్చుని, మెల్లగా, పెదవులు కనబడేలా చెప్పాను. "సన్నటి శబ్దాలు రెండు చెవుల్లోనూ పోయాయి అన్నగారూ. ఎడమది ఎక్కువ. పోయినవి రావు. ఉన్నవాటిని కాపాడుకోవచ్చు. ఇకనుంచి ఆ మోతలో ఉండకూడదు, ఉంటే ప్లగ్గులు తప్పవు. చెవి మిషన్లు పెడితే మాటలు వినబడతాయి."

చాలాసేపు గ్రాఫునే చూశాడు. తర్వాత అడిగాడు, "అయితే ఆ ట్వీటర్లు?"

ట్వీటర్లంటే స్పీకర్లో సన్నటి శబ్దాలు పలికే చిన్న ముక్కలు.

"ఏ ట్వీటర్లు?"

"కాలిపోయాయనుకుని తీసి పారేశాను. పదకొండు. ఏదీ పలకటం లేదని." చేతులు ఒళ్లో పెట్టుకున్నాడు. "అన్నీ మంచివేనన్నమాట."

 సరిగ్గా అప్పుడు ఫ్యూజు వెనక, గాజుగది అద్దంలో ఆయన మొహం పడేలా కెమెరా పెట్టుకున్న బావ గొంతు. "కెమెరా కార్డు నిండిపోయింది. మధ్యలో ఆగిపోయింది, చూసుకోలేదు. మళ్లీ మొదటినుంచి చెప్పు. పోయినవి రావు అన్న దగ్గర్నుంచయినా సరే."

ఫ్యూజుకు వినబడలేదు. నా మొహం చూసి, "ఏమంటున్నారు?" అన్నాడు.

ఇక్కడ నేనేం చేశానో చెప్పాలి. లేచి బావను బయటికి గెంటాల్సింది. చెయ్యలేదు. ముందురోజు అక్క ఫోనులో, "ఎలాగోలా ఈ సినిమా పూర్తయితే ఈ ఇల్లు మళ్లీ ఇల్లవుతుందే. కాస్త సాయం చెయ్యి" అంది. ఆ మాట చెవిలో ఉంది. ఫ్యూజుతో, "ఏం లేదండీ. ఇంకోసారి వివరంగా చెప్తాను, జాగ్రత్తగా వినండి" అన్నాను. అని, ఒక మనిషికి తన చెవులు పోయాయని రెండోసారి చెప్పాను, అవే మాటలతో, అదే వరసలో. ఆయన మర్యాదగా తల ఊపుతూ రెండోసారి కూడా విన్నాడు. ఈసారి ఆయన మొహంలో ఏమీ లేదు. ఉండాల్సిందంతా మొదటిసారే అయిపోయింది. ట్వీటర్ల మాట ఎత్తలేదు.

బావకు అది నచ్చలేదు. "మొదటిదే బాగుంది, ఛ" అనుకుంటూ స్టాండు మడిచాడు.

నేను ఫ్యూజుకు నారింజరంగు ప్లగ్గులు రెండు జతలిచ్చాను. ఆయన వాడాడు. మూడు ఆదివారాలు పెట్టుకునే మిక్సరు వెనక నిలబడ్డాడని మందుల షాపు అమ్మాయి తర్వాత నాకు చెప్పింది. ఆ మూడు వారాల్లో తన పని ఆమెకు నేర్పడం మొదలుపెట్టాడట. నాలుగో ఆదివారం తాను చివరిసారి వాయించి, మిక్సరు ఆమెకు అప్పగిస్తానన్నాడు.

బావకు ముగింపు దొరికింది. ఆ ఆదివారం రెండు కెమెరాలు పెట్టాడు. వాయించడం మొదలయ్యేముందు ఫ్యూజు దగ్గరికి వెళ్లి, చెవులు చూపించి సైగ చేశాడు. ఆ నారింజరంగు తెరమీద పొడుచుకొస్తోందట. చూసేవాళ్ల కళ్లన్నీ అక్కడికే పోతాయట. "ఒక్క పది నిమిషాలు తీసెయ్యండి. ఇది చివరిసారి కదా, పూర్తిగా వినాలని మీకూ ఉంటుంది కదా" అన్నాడు. మీకోసమని ఏదీ చెయ్యనన్న మనిషి, రెండేళ్లపాటు స్టూలుమీద కూర్చుని తన మాటలు విన్నవాడు అడిగాడు కదాని, తీసి చొక్కా జేబులో వేసుకున్నాడు. పది నిమిషాలు కాస్తా ముప్పావుగంట అయింది.

బుధవారం నా దగ్గరికొచ్చాడు. ఎడమ చెవిలో ఆపకుండా ఈల మోగుతోందన్నాడు. పరీక్ష చేస్తే ఆ చెవిలో దాదాపు ఏమీ మిగల్లేదు. ఆ ఒక్కరోజువల్లే పోయిందని నేను చెప్పలేను. పాతికేళ్ల మోత వెనకుంది. ఆ ఒక్కరోజువల్ల కాదని కూడా ఎవరూ చెప్పలేరు. ప్లగ్గులు పెట్టుకోలేదా అని అడిగితే తల దించుకుని, "మర్చిపోయానమ్మా" అన్నాడు. బావను కాపాడటానికే అబద్ధమాడాడని నాకు చాలా రోజుల తర్వాత తెలిసింది.

సినిమాకు కూర్పు పనిలో ఇంకో ఏడాదిన్నర పోయింది. బావ తన గొంతుతో వ్యాఖ్యానం చెప్పుకున్నాడు. వేరేవాళ్లచేత చెప్పించమని అక్క బతిమాలింది. వినలేదు. ఎనభై రెండు నిమిషాల సినిమాలో ముప్ఫై నిమిషాలు ఆయన గొంతే. 'నేను శబ్దాన్ని వెతుక్కుంటూ వెళ్లి నిశ్శబ్దాన్ని కనుగొన్నాను' అని మొదలవుతుంది. నేను ఒక్కటే పట్టుబట్టాను. తెరకింద ప్రతి మాటా అక్షరాల్లో పడాలి, ఫ్యూజు చదువుకోగలగాలి. సరేనన్నాడు. ఆ పనికి తన గొంతుకే ఎక్కువ అక్షరాలు పడతాయని ఆయన ఆలోచించలేదు.

మొదటి ప్రదర్శన ఒక చలనచిత్ర సంఘం వాళ్ల హాల్లో, సాయంత్రం. వంద కుర్చీలు, దాదాపు నిండాయి. సగానికి కాస్త తక్కువగా నల్లబట్టలవాళ్లే. ఇన్నాళ్లూ పేరు చెప్పుకోకూడదన్నవాళ్లు తెరమీద తమ వీపు కనబడినప్పుడల్లా పక్కవాణ్ణి మోచేత్తో పొడిచి చూపించుకున్నారు. ఫ్యూజు నేనమర్చిన మిషన్లు పెట్టుకుని, తెల్ల చొక్కా తొడుక్కుని, మొదటి వరసలో మందుల షాపు అమ్మాయి పక్కన కూర్చున్నాడు. నేనూ అక్కా వెనక వరసలో.

సగం సినిమా అయ్యాక తెరమీద ఫ్యూజు చెయ్యి గుండీ తిప్పుతూ పెద్దగా కనబడింది. తేదీ వేశాడు. బావ గొంతు బరువుగా పలికింది, కింద అక్షరాలు పడ్డాయి. 'ఆయన వినికిడి జారిపోతోందని నేను గ్రహించిన రోజు ఇది. ఆయనకింకా తెలియదు.' తర్వాత మళ్లీ చెయ్యి, మళ్లీ తేదీ, పుస్తకంలో బావ రాసుకున్న గీతలు. తన చూపు ఎంత నిశితమో లోకానికి తెలియాలి కదా. ఫ్యూజు వీపు నాకు వెనకనుంచి కనబడుతూనే ఉంది. ఆయన కదలలేదు.

సినిమా అయింది. ఒకాయన మైకు తెచ్చి, తెరమీది కథానాయకుణ్ణే రెండు మాటలు చెప్పమని ఫ్యూజుకిచ్చాడు. ఆయన లేచి, హాలువైపు కాకుండా బావవైపు తిరిగాడు.

"ఆ తేదీ నిజమేనా అండీ?"

"ఏ తేదీ?" అన్నాడు బావ.

"గుండీ దగ్గర వేసింది. నన్ను ఆసుపత్రి అమ్మాయి దగ్గరికి తీసుకెళ్లింది దానికి ఎనిమిది నెలల తర్వాత కదా."

"అవును. అంటే... మేం తీసే పద్ధతిలో జోక్యం చేసుకోకూడదు."

"జోక్యం అంటే?"

"జరిగేదాంట్లో మధ్యలో దూరకూడదు."

ఫ్యూజు తల ఊపాడు. గొంతు పెంచలేదు. "మరి ప్లగ్గులు తీసెయ్యమన్నారు కదా," అన్నాడు. "అది దూరడం కాదా?"

 బావ తన దగ్గరున్న మైకు ఒక చేతినుంచి ఇంకో చేతికి మార్చుకున్నాడు. అక్క నా చెయ్యి పట్టుకుంది, గోళ్లు దిగాయి. ఆమెకు ప్లగ్గుల సంగతి అప్పటిదాకా తెలియదు, నాకూ తెలియదు. ఫ్యూజు మైకును కుర్చీలో జాగ్రత్తగా పడుకోబెట్టి, మందుల షాపు అమ్మాయితో కలిసి వెళ్లిపోయాడు.

అప్పుడైనా ఆ జనం సిగ్గుపడి లేచి వెళ్లిపోతారనుకున్నాను. లేదు. సంఘం అధ్యక్షుడు లేచి, ఈ ఇబ్బందే ఈ చిత్రం బలమని అన్నాడు. నల్లబట్టల్లో ఒకడు కుర్చీచేతిని అరచేత్తో రెండుసార్లు తట్టాడు. ఇంకొకడు తట్టాడు. హాలంతా తట్టారు.

బావ రెండు రోజులు అన్నం సరిగా తినలేదు. మూడోరోజు ముందుగదిలో దూరి తలుపేసుకున్నాడు. వారం తర్వాత అక్కను పిలిచి కూర్చోబెట్టి చూపించాడు. ఆ రోజు హాల్లో ఒక మూల ఆయన కెమెరా నడుస్తూనే ఉందట. ఫ్యూజు అడిగిన ప్రశ్నలన్నీ సినిమా చివర అతికించేశాడు. ఇప్పుడు తొంభై ఒక్క నిమిషాలు.

"చూశావా? నన్ను నేనే దోషిగా నిలబెట్టుకున్నాను. ఇంతకంటే నిజాయితీ ఎవడు చూపిస్తాడు?" అన్నాడు.

"ఆయన్ని అడిగావా?" అంది అక్క.

"నలుగురిలో అన్న మాటే కదా. అడగాల్సిన పనిలేదు."

 మర్నాడు అక్క దుకాణానికి సెలవు పెట్టి, ఫ్యూజు దగ్గరికి వెళ్లింది. కాగితంమీద ప్రశ్న రాసి చూపించిందట, వినబడకుండా పొరపాటు జరగకూడదని. 'ఈ సినిమా నలుగురికీ చూపించడం మీకిష్టమేనా?' ఆయన చదివి, వద్దని అదే కాగితంమీద రాసి, కింద సంతకం పెట్టి ఇచ్చాడు. అక్క ఆ కాగితాన్ని సంఘం అధ్యక్షుడికి తీసుకెళ్లి ఇచ్చింది. వాళ్ల సంఘం ఇంకో ఆరు ఊళ్లకు పంపిద్దామనుకుంది. తెరమీది మనిషి ఇచ్చిన అనుమతి పత్రం లేకుండా పంపరు. అంతకుముందు బావ అలాంటి పత్రమేదీ తీసుకోలేదు, అంతా నమ్మకంమీదే నడుస్తోందన్నాడు. సినిమా అక్కడితో ఆగింది.

దానిమీద ఇంట్లో అక్కకూ బావకూ గొడవ ఎలా జరిగిందో నేను చూడలేదు. ఫోనులో అక్క గొంతు మామూలుగానే ఉంది. "నా మొగుడిమీద నేనే పితూరీ చేశానంటున్నాడు. అవును, చేశాను" అంది. "అన్నం పెట్టావా?" అని అడిగాను. "పెట్టాను. తిన్నాడు" అంది.

ఇప్పుడు బావ ఒక ప్రైవేటు కాలేజీలో చిత్రనిర్మాణం పాఠాలు చెబుతున్నాడు. చిత్రీకరణలో నీతి నియమాలని ఒక తరగతి ఉందట, అడిగి మరీ తీసుకున్నాడట. పిల్లలు శ్రద్ధగా రాసుకుంటారని అక్కతో చెప్పాడు. తన సినిమాను కుట్ర చేసి తొక్కేశారని కూడా వాళ్లకు చెబుతాడు. నాతో మాట్లాడడు. పండక్కో పబ్బానికో ఎదురైతే గోడవైపు తిరుగుతాడు.

క్లబ్బు ఇంకా నడుస్తోంది. మందుల షాపు అమ్మాయి గుమ్మంలో ప్లగ్గుల గిన్నె పెట్టింది, వేసుకోనివాళ్లను లోపలికి రానివ్వదు. సిద్ధాంతాలున్నవాళ్లు కొందరు అలిగి వెళ్లిపోయారు.

ఆ ప్రదర్శన అయిన నెలకు ఫ్యూజు మిషన్లు సరిచేయించుకోవడానికి నా దగ్గరికొచ్చాడు. నేను తలుపేసి, ఎదురుగా కూర్చుని, ఆ రోజు రెండోసారి ఎందుకు చెప్పానో చెప్పేశాను. కార్డు నిండిపోవడం, బావ మళ్లీ చెప్పమనడం, నేను అబద్ధమాడడం, అంతా. ఆయన నా పెదవులు చూస్తూ పూర్తిగా విన్నాడు.

"రెండోసారి ఎందుకు చెబుతున్నావో నాకప్పుడే తెలిసిందమ్మా," అన్నాడు. "వెనక కెమెరా ఎర్రదీపం ఆరి మళ్లీ వెలిగింది. మీ గాజుగది అద్దంలో కనబడింది."

"మరి ఎందుకు ఊరుకున్నారు?"

"మీరు మాత్రం ఎందుకు చెప్పారు?"

మొదటిసారి ఆయన నన్ను మీరు అన్నాడు.  ఆయన కుడి చెవిలోంచి మిషను తీసి బల్లమీద పెట్టాడు.

"ఇది గిన్నెలు కదిలితే చాలు కూస్తోంది," అన్నాడు. "కొంచెం తగ్గించండి."

నేను తీగ తగిలించి తగ్గించడం మొదలుపెట్టాను.